కిస్సా, సంతకం, బాకీ: పార్సీల చరిత్రలో ఇస్లాం (అధ్యక్షోపన్యాసం)

జొరాస్ట్రియన్ మతానికీ ఇస్లాంకూ ఉన్న సంబంధం మీద మన దేశంలో రాసినవాళ్లు చాలామంది ఒకే పుస్తకంతో మొదలుపెట్టి అక్కడే ఆగిపోతారు. అది 1599లో నవసారిలో బహమన్ కైకోబాద్ పారసీ పద్యాల్లో చెప్పిన కిస్సా-ఇ-సంజాణ్. అరబ్బులు ఇరాన్‌ను గెలిచాక కొందరు (నేటి పార్సీల పూర్వీకులు) మతం కాపాడుకోవడానికి కొండల్లో నూరేళ్లు, హోర్ముజ్‌లో పదిహేనేళ్లు, దీవ్‌లో పంతొమ్మిదేళ్లు తలదాచుకుని గుజరాత్ తీరంలోని సంజాణ్ చేరారని కథ. ఆ లెక్కలు కూడి, దిగిన ఏడు 716 అనీ, 785 అనీ, 936 అనీ వాదించుకోవడానికే బోలెడంత పాండిత్యం ఖర్చయింది. 1920లో చరిత్రకారుడు హోడీవాలా ఆ పద్యాలను నిలదీసిన తర్వాత కూడా పంచాంగం వదలనివాళ్లున్నారు.

తమిళనాడులో పెరియకుళం, బోడినాయకనూరు వైపు ఉండే తెలుగు రాజకంబళం నాయకర్లకు ఇలాంటి కథ కొత్త కాదు. తురకలు ఆడపిల్లల జోలికి వస్తే వలస బయలుదేరారనీ, ఏరు పొంగి అడ్డమొస్తే రెండు గట్ల మీది కానుగ చెట్లు వంగి దారి ఇచ్చాయనీ చెప్పుకుంటారు. దక్షిణాది కులాల గురించి రాసిన థర్‌స్టన్ దాన్ని 1909లోనే అచ్చువేశాడు. ఈ కథ పట్టుకుని వలస తేదీ కట్టబోతే ఇక్కడి ముసలమ్మలే నవ్వుతారు. కానుగంటే ఎందుకంత గౌరవమో, ఎవరు మనవాళ్లో చెప్పడం దాని పని.

కిస్సాకూ ఒక పని ఉంది. అది పుట్టేనాటికి గుజరాత్ అక్బరు ఏలుబడిలో ఉంది; జిజియా పన్ను పోయింది; నవసారి దస్తూర్ మెహెర్జీ రాణాకు అక్బరు భూమి ఇచ్చి ఉన్నాడు. ఊళ్లో మాత్రం అగ్నిని కాపాడే సంజాణా పూజారులకూ, స్థానిక భగరియా పూజారులకూ హక్కుల పేచీ. సంజాణ్ నుంచి బహ్రోట్ గుహకు, వాంస్‌దాకు, నవసారికి అగ్ని వెంట నడిచింది ఎవరో కిస్సా వరసగా చెబుతుంది. కవి సంజాణావాడే. తురకల దాడి అందులో లేకపోలేదు గాని, దస్తావేజు అగ్ని హక్కుకే.

ఇంతకంటే పాత సాక్ష్యం పడమటి కనుమలకు అవతల, కొల్లంలో పుట్టింది. 849లో వేణాడు పాలకుడు అయ్యన్ అడిగళ్ తరిసాపళ్లి చర్చికి ఇచ్చిన రాగిరేకుల చివర సాక్షులు కూఫీ, పహ్లవీ, హీబ్రూ లిపుల్లో చేవ్రాలు చేశారు. ముస్లింలు, క్రైస్తవులు, యూదులు, జొరాస్ట్రియన్లు ఒకే రేకు మీద ఉన్నారు. జొరాస్ట్రియన్లు తాము మంచి మతం వాళ్లమని కూడా చెక్కించారు. అదే శతాబ్దంలో ఇరాన్‌లో జొరాస్ట్రియన్ పండితుడు మర్దాన్ ఫర్రుఖ్ ఇస్లాంను ఖండిస్తూ గ్రంథం రాస్తున్నాడు. పండితులు ఖండించుకుంటున్న కాలంలోనే వర్తకులు పక్కపక్కన సాక్షి సంతకాలు పెట్టారు. మన పాఠ్యగ్రంథాలకు ఖండన కనపడినంతగా సంతకం కనపడలేదు.

తెలుగుదేశపు పని ఇంకా ఎక్కువ మిగిలింది. ఇరాన్ నుంచి వచ్చిన జొరాస్ట్రియన్ గురువు ఆజర్ కైవాన్ బృందం పారశీక, సూఫీ భావాలను కలిపింది. ఆ బృందానికి దగ్గరివాడు మతాల గురించి రాసిన దబిస్తాన్‌లో 1647 నాటి హైదరాబాదులో సూఫీ కవి సర్మద్‌తో పరిచయమూ, శ్రీకాకుళం ప్రస్తావనా ఉన్నాయి. ఇంగ్లీషు అనువాదం 1843లోనే వచ్చింది. మూలం చదివే తెలుగువాళ్లు కావాలి.

హైదరాబాదు పార్సీ షాహుకార్లు పెస్తన్‌జీ విక్కాజీ కుటుంబం సంగతీ అంతే. వాళ్ల కొఠీ బెరార్ తాలూకాల వసూళ్లు హామీగా పెట్టుకుని నిజాం సర్కారుకు అప్పులిచ్చింది. సర్కారు ఆ తాలూకాలు వెనక్కి తీసుకున్నాక కొఠీ చితికిపోయింది. 1847లో సికింద్రాబాదులో అగ్ని ఆలయం కట్టించింది ఆ ఇంటివాళ్లే. ముస్లిం ప్రభువుకూ పార్సీ షాహుకారుకూ నడిచిన ఆ తగవులో మతం మాట కంటే బాకీ మాటే పెద్దది.