ఇంటి తాకట్టు – గడువుల మాట
(పఠనమందిరమున నొసంగిన యుపన్యాసము)



మన పెద్దలు ఇల్లు కట్టి చూడుమనిరి. కట్టిన యింటిని బ్యాంకు తాకట్టునుండి నిలుపుకొని చూడుమనలేదు. ఆ కష్టము మన కాలమునకు దక్కినది.

వాయిదాలు చెల్లింపలేకపోయినవానికి న్యాయస్థానమేమి రక్షణ మిచ్చునని మమ్ము పలువు రడుగుచున్నారు. రక్షణము కలదు. కాని యది గడువులతో ముడివడియున్నది. ఆ గడువులో, కురుచబడుచున్నవి.

పూర్వము తాకట్టు సొమ్ము రాబట్టుకొనుటకు బ్యాంకు దావా వేయవలసి యుండెను. ప్రాథమిక డిక్రీలో ఆరుమాసముల వరకు గడువు దొరికెడిది. తగిన కారణము చూపినచో కోర్టు దానిని పొడిగించెడిది. వేలము జరిగినను, కోర్టు దానిని స్థిరపరచులోపల బాకీయు, కొన్నవానికి నూటికి ఐదు వంతున అదనమును గట్టినచో ఇల్లు దక్కెడిది. కోస్తా, రాయలసీమ జిల్లాలు మద్రాసు రాష్ట్రమున నుండగా 1938లో వచ్చిన వ్యవసాయదారుల ఋణవిమోచన చట్టము పాత బాకీల వడ్డీనే కొట్టివైచినది. ఋణస్థుని పక్షమున చట్టము నిలువజాలదనుట చరిత్ర నెరుగనివారి మాట.

2002లో సర్ఫేసీ చట్టము వచ్చినది. కోర్టులో దావా వేయకయే యింటిని స్వాధీనపరచుకొని యమ్ము నధికారము బ్యాంకులకు దక్కెను. మొండి బాకీల పేరుపెట్టి కత్తి నూరిరి; అది మిల్లు యజమానికిని రెండు గదుల యింటి గుమాస్తాకును ఒకే కత్తి. బాకీలో 75 శాతము ముందుగా గట్టినగాని ట్రిబ్యునలు అర్జీ పుచ్చుకొనరాదను నిబంధనయు నందుండెను. 2004లో మార్డియా కెమికల్సు వ్యాజ్యమున సుప్రీంకోర్టు దానిని రాజ్యాంగ విరుద్ధమని కొట్టివేసినది. లేనిచో పేదవానికి ద్వారమే లేకుండెడిది.

ఇప్పటి క్రమము వినుడు. బాకీ 90 దినములు మించి నిలిచినచో ఖాతా మొండిదగును. పిమ్మట 60 దినముల నోటీసు వచ్చును. మన మధ్యతరగతివారు దీనిని చూచి సిగ్గుపడి పెట్టె అడుగున దాచుదురు, ఇంటివారికిని చెప్పరు. అక్కడనే సగము వ్యాజ్యము పోవుచున్నది! ఆ నోటీసునకు వ్రాతమూలముగ ఆక్షేపణ పంపవచ్చును. పంపినచో 15 దినములలో కారణములతో బదులిచ్చుట బ్యాంకు విధి. లెక్క తప్పినదేమో, జరిమానాను అసలులో కలిపి దానిపై మరల వడ్డీ కట్టిరేమో చూడవలయును. 2023లో రిజర్వు బ్యాంకు దీనిని నిషేధించినది.

స్వాధీన చర్య జరిగిన 45 దినములలో ఋణ వసూలు ట్రిబ్యునలునకు అర్జీ పెట్టుకొనవచ్చును. హైదరాబాదు, విశాఖపట్టణములందు ట్రిబ్యునళ్లు గలవు. కొంత సొమ్ము గట్టు షరతుపై వేలము నాపుటయు కలదు. సివిలు కోర్టునకు ఈ విషయమున అధికారము లేదు. ట్రిబ్యునలుండగా రిట్టు వినరాదని సుప్రీంకోర్టు 2010లోనే హైకోర్టులను హెచ్చరించినది గనుక, ఆ త్రోవను నమ్ముకొని 45 దినములు పోగొట్టుకొనరాదు.

మా కోపమంతయు 2016 సవరణముపై. అంతకు ముందు వేలమునకో బదలాయింపునకో నిర్ణయించిన దినమునకు లోపల బాకీ గట్టి యిల్లు విడిపించుకొను హక్కుండెను. సవరణము ఆ హక్కును వేలపు ప్రకటన వెలువడుటతోనే త్రెంచినది. 2023లో బాఫ్నా మోటార్సు వ్యాజ్యమున సుప్రీంకోర్టు దీనిని ధ్రువపరచినది. ప్రకటన పత్రికలో పడిన పిమ్మటనే గదా బావమరిదియో మేనమామయో సొమ్ము సర్దుటకు ముందుకు వచ్చుట! సుత్తి పడక మునుపే బాకీ అణాపైసలతో చెల్లినచో బ్యాంకునకు నష్టమేమి? మోసగాండ్రు కాలయాపన చేయుదురందురు. వారిపై ఖర్చులు విధింపుడు. గడువును అందరికిని కోసివేయనేల?

ట్రిబ్యునలులో నోడినచో అప్పీలు కలదు. బాకీలో సగము గట్టవలెను, పై ట్రిబ్యునలు దయతలచిన నాలుగవ వంతు. ఇల్లు పోవుచున్నవాడు దానిని ఎచటనుండి తెచ్చును? శాసనసభ్యులు మీ యొద్దకు వచ్చినపుడు ఈ రెండు సంగతులు అడుగుడు. పార్లమెంటు సభ్యుని మరింత గట్టిగా నడుగుడు, చట్టము వారిది.

వేలములో బాకీకిని ఖర్చులకును మించి వచ్చిన సొమ్ము ఋణస్థునిదే. లెక్క అడిగి పుచ్చుకొనుడు.

నోటీసు వచ్చినవారు దానిని, ఋణపత్రమును, చెల్లింపుల రశీదులను గొని వచ్చే ఆదివారము ఉదయము ఈ మందిరమునకే రండు. మేమును మా మిత్రులును రుసుము లేకుండ చూచెదము. కవరు పారవేయకుడు, ఏ దినమున ముట్టినదో తెలియవలయును.