గడప దాటే ఆడదానికి మినహాయింపు లేదా?

(గిద్దలూరులో కూలి ఆడవాళ్ల సమావేశంలో చేసిన ప్రసంగం)

అక్కల్లారా, చెల్లెళ్లారా, అన్నల్లారా!

మనోవర్తి కేసు వేసిన మన ఆడబిడ్డకు ఎదురు నిలిచేది మొగుడొక్కడే కాదు, వాయిదా కూడా. ఆ రోజు కూలి పోతుంది, బస్సు చార్జీ పోతుంది. గుంటూరు వైపు మిరప కోతలకు వలసపోయినామెకు రానుపోను రెండు రోజుల కూలి మట్టి. తీరా పోతే కౌంటరు వేయలేదంటారు, మళ్లీ నెలకంటారు. విసిగి మానుకుంటే కేసు కొట్టేస్తారు. మొగుడికి కావాల్సిందీ అదే.

చట్టం ఏమంటుందో వినండి. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడు 132వ సెక్షన్ ప్రకారం, ఆచారం వల్ల నలుగురిలోకి రాని స్త్రీలను కోర్టుకు రప్పించకూడదు. 133వ సెక్షన్ రాష్ట్రపతికి, గవర్నర్లకు, మంత్రులకు, మాజీ సంస్థానాధీశులకు మినహాయింపు ఇచ్చింది. ఈనాటికీ అవి పుస్తకంలోనే ఉన్నాయి. గోషాలో ఉన్నామెకు అది హక్కు. ఎండలో కలుపు తీసేామెకు జడ్జిగారి విచక్షణ! మనల్ని ఏనాడు గడప లోపల కూచోనిచ్చారు? అయినా అడిగే దారి ఉంది. అడగాల.

ఒకటి. రాలేకపోతే ఊరికే ఇంట్లో కూచోవద్దు. ముందే హాజరు మినహాయింపు పిటిషన్ వేయించండి. వలస, పసిబిడ్డ, జబ్బు, బెదిరింపు, ఏది కారణమైతే అది ఉన్నదున్నట్టు రాయించండి. వేశాం గదా అని ధీమా పడొద్దు. జడ్జిగారు ఒప్పుకున్నారో లేదో ఆ సాయంత్రమే కనుక్కోండి.

రెండు. 1984 నాటి ఫ్యామిలీ కోర్టుల చట్టం 13వ సెక్షన్ ప్రకారం ఆ కోర్టులో లాయరును పెట్టుకోవడం హక్కు కాదు. దానికీ అనుమతి అడగాల.

మూడు. రాజీ మాటలకు పిలిచిన రోజు, మీ సాక్ష్యం రోజు తప్పొద్దు. రాజీ కుదరలేదని తేలినాక, ఇద్దరూ అడిగితేనో, న్యాయానికి అవసరమని కోర్టుకు తోస్తేనో వీడియో ద్వారా విచారించొచ్చని 2017 అక్టోబరులో సుప్రీంకోర్టు చెప్పింది.

నాలుగు. మనోవర్తి కేసు మొగుడి ఊళ్లోనే వేయాలని లేదు. మీరు ఉంటున్న చోట వేయొచ్చు. 2024 జూలై 1 నుంచి పాత 125వ సెక్షన్ పోయి భారతీయ నాగరిక సురక్షా సంహిత 144వ సెక్షన్ వచ్చింది. ఈ వీలు మాత్రం అట్లాగే ఉంది.

ఐదు. మొగుడూ మినహాయింపు అడుగుతాడు. ఇస్తే అతని లాయరు ఎదుట సాక్ష్యం నడుస్తుంది. కావాలని తప్పించుకుంటే అతను లేకుండానే విచారించమని అడగండి. అతను రాలేదని మీ కేసు ఆగనీయొద్దు.

లాయరుకు డబ్బుల్లేవా? 1987 నాటి న్యాయ సేవల చట్టం కింద ఎస్సీ, ఎస్టీలకు, ఆడవాళ్లందరికీ ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయరునిస్తారు.

కార్యకర్తలకు ఒక మాట. ప్రతి వాడలో వాయిదాల పుస్తకం పెట్టండి. ఏ చెల్లెల్నీ కోర్టుకు ఒంటరిగా పంపొద్దు. గడప దాటని ఆడవాళ్లకు రాసిన మర్యాద, గడప దాటి లోకానికి అన్నం పెట్టే ఆడవాళ్లకూ రాయించుకుందాం.

జై భీమ్!