టెలివిజను ముందు నిక్సన్

తగవు తీర్చు పెద్దలు మనుష్యుని మాట వినుటయే గాక, మాటాడునపుడు అతని ముఖమును గూడ చూతురు. అమెరికా రాజకీయవేత్తయగు రిచర్డు నిక్సన్‌కు ఈ పరీక్ష కోట్లమంది యెదుట, ఒకసారి గాక పలుమారులు జరిగినది. ఆ వృత్తాంతమును నేడు మనవి చేసెదను.

1952లో ఆయన రిపబ్లికన్ పక్షమున ఉపాధ్యక్ష పదవికి అభ్యర్థి. రాజకీయ వ్యయములకై అభిమానులు కూర్చిన 18,000 డాలర్ల నిధిని సొంతమునకు వాడుకొనెనను నింద పుట్టినది. స్వపక్షమువారే కొందరు ఆయనను తొలగింపజూచిరి. సెప్టెంబరు 23వ తేదీ రాత్రి ఆయన టెలివిజనులో అర్ధగంట మాటాడి, తన యప్పులు, తన యిల్లు, తన కారు అన్నింటికిని లెక్క చెప్పెను. పిమ్మట, ఒక యభిమాని తన బిడ్డలకు పంపిన కుక్కపిల్లను మాత్రము ఎవరేమన్నను తిరిగి యీయననెను. సుమారు 6 కోట్లమంది చూచిరి. ఉత్తరములు, తంతులు వెల్లువగా వచ్చినవి, అభ్యర్థిత్వము నిలిచినది. నిధి సంగతి వినవచ్చినవారు కుక్కపిల్లను జ్ఞాపకముంచుకొని పోయిరి! చతురుడనక తప్పదు. కాని ఆ రాత్రి ఆయనను ప్రశ్నించువాడొక్కడును లేడు.

1960 సెప్టెంబరు 26న చికాగోలో కెనెడీతో వాదము జరిగెను. మోకాలి వ్యాధిచే కొన్నాళ్లు చికిత్సాలయమున నుండుటచే నిక్సన్ చిక్కియుండెను. ముఖమున చెమట, గడ్డపు నీడ. రేడియోలో విన్నవారు నిక్సనే గెలిచెననిరని యొక వాడుక కలదు. రేడియోలో మాటాడు నాకది ప్రీతికరమే గాని, దానికి సాక్ష్యము స్వల్పము. ఎన్నికలో కెనెడీ గెలిచెను. ప్రజల ఓట్లలో తేడా లక్షకు కొంచెము మించినదంతే.

1968 ఎన్నికలో నిక్సన్ గెలిచి అధ్యక్షుడయ్యెను. 1971లో ఎమీల్ డి ఆంటోనియో యనునతడు పాత టెలివిజను దృశ్యములను కూర్చి, ఆయనను పరిహసించుచు నొక డాక్యుమెంటరీ చిత్రము తీసెను. 1952 నాటి ఉపన్యాసము అందులో మరల కనబడెను. నాడు రక్షించిన మాటలే యిప్పుడు నవ్వు పుట్టించినవి.

ప్రతిపక్ష కార్యాలయమున జొరబడినవారి సంగతిని కప్పిపుచ్చజూచిన వాటర్‌గేట్ వ్యవహారము ముదిరి, 1974 ఆగస్టు 8న తన రాజీనామాను ఆయన టెలివిజనులోనే ప్రకటించెను. 1977లో డేవిడ్ ఫ్రాస్ట్ అను ఆంగ్లేయుడు 6,00,000 డాలర్లకు ఒడంబడిక చేసికొని ఆయనను సంభాషణకు కూర్చుండబెట్టెను. సొమ్మిచ్చి సాక్ష్యము కొనుట తగునా యని పలువురడిగిరి. ఆ సందేహము నాకును కలదు. అయినను ఈసారి యెదుట ప్రశ్నించువాడు కలడు. అధ్యక్షుడు చేసిన పని చట్టవిరుద్ధము కాదని యొకచోట వాదించిన నిక్సన్, వాటర్‌గేట్ ప్రస్తావనలో ఫ్రాస్ట్ విడువక అడుగగా, మిత్రుల నమ్మకమును, దేశము నమ్మకమును వమ్ము చేసితిననియు, ఆ భారమును బ్రతికినంతకాలము మోయవలసియున్నదనియు ఒప్పుకొనెను. అప్పటి ఆయన ముఖమును మే 4వ తేదీ రాత్రి సుమారు నాలుగున్నర కోట్లమంది చూచిరి.