గృహఋణము – దాని నిజమైన వెల

 

స్వగృహము కట్టుకొనవలెనను కోరిక మనవారిలో మిక్కుటము. అది మంచిదే. కాని ఋణము దెచ్చునపుడు నెలవాయిదా యెంత యని యడుగుదుమే గాని, మొత్తమెంత యని యడుగువారు తక్కువ.

ఒక లెక్క మనవి చేసెదను. 30 లక్షల రూపాయలు నూటికి సాలునకు 9 వంతున 20 ఏండ్ల గడువునకు ఇంటిని తనఖా పెట్టి తెచ్చితిమనుకొనుడు. వాయిదా సుమారు 27,000; కడపట తేలునది దాదాపు 65 లక్షలు. మొదటి వాయిదాలో 22,500 వడ్డీకే పోవును. పదునాలుగేండ్లు తప్పక కట్టి, 45 లక్షలు సమర్పించిన పిమ్మటను అసలులో సగ మట్లే నిలిచియుండును! ఈ మాట నమ్మక మా అల్లుడు రెండుమార్లు లెక్క వేసి చూచెను.

గడువు 30 ఏండ్లు చేసినచో వాయిదా 24,000 చిల్లరకు దిగును. నెలకు మూడువేలైన మిగులదు. అందులకై చెల్లించు అదనపు వడ్డీ 22 లక్షలు.

2022 మే మొదలు 2023 ఫిబ్రవరి వఱకు రిజర్వు బ్యాంకు రెపో రేటును 4 నుండి 6.5 శాతమునకు పెంచినది. అప్పుడు పెక్కుమందికి వాయిదా మాఱలేదు. చప్పుడు లేక గడువే పెరిగినది. అందుచేత ప్రతి సంవత్సరము ఖాతా నకలు తెప్పించుకొని, మిగిలిన నెలలు లెక్కించుకొనుడు.

మారుచుండు వడ్డీపై వ్యక్తులు దెచ్చిన గృహఋణమును ముందుగా తీర్చినచో బ్యాంకులు రుసుము గొనరాదను నియమము 2012 నుండి కలదు. పై లెక్కలో మొదటి సంవత్సరాంతమున ఒక్క లక్ష అసలునకు జమకట్టి, వాయిదా మార్చకున్నచో, చివరి 19 వాయిదాలు, అనగా అయిదు లక్షల పైచిలుకు, తప్పును.

లెక్కకాగితములు నా యొద్ద నున్నవి. భోజనానంతరము చూడగోరువారు రావచ్చును.