జత కుదరని జోడీ: సామీ జేన్, కెవిన్ ఓవెన్స్ కథ

నెల్లూరు తీరం నుంచి మాట్లాడుతున్నాను. ఈ ఎపిసోడ్ లో ప్రొఫెషనల్ రెజ్లింగ్ గురించి, అందులోనూ ఒకే ఒక జోడీ గురించి చెప్పుకుందాం. మన నెల్లూరుకి కుస్తీ కొత్తేమీ కాదు. పహిల్వాన్ గా పేరు తెచ్చుకుని సినిమాల్లో కూడా వేసిన నెల్లూరు కాంతారావు గారు పెద్దవాళ్ళకి ఇప్పటికీ గుర్తే. కానీ ఈరోజు చెప్పబోయేది ఆ కుస్తీ కాదు, టీవీలో వచ్చే డబ్ల్యూడబ్ల్యూఈ. "అదంతా ఉత్తుత్తి ఫైటింగ్ కదా" అంటారు చాలామంది. ఆ మాట దగ్గరికి కూడా వస్తాను, కాస్త ఓపిక పట్టండి.

ముందు జోడీ అంటే ఏంటో చూద్దాం. మన వైపు ఎడ్ల బండలాగుడు పోటీలు చూసినవాళ్ళకి ఇది వేరే చెప్పక్కర్లేదు. పళ్ళు చూసి విభాగం పెడతారు. రైతు ఎత్తు చూస్తాడు, నడక చూస్తాడు, రెండిటి ఊపూ ఒకటేనా కాదా చూస్తాడు. ఒకటి ముందుకి, ఇంకోటి వెనక్కి అయితే కాడి పక్కకి తిరుగుతుంది, బండ కదలదు. అందుకని జతకి సరిపడే ఎద్దు కోసం ఊళ్ళు పట్టుకు తిరుగుతారు.

రెజ్లింగ్ ట్యాగ్ టీమ్ లో ఈ లెక్క తిరగబడుతుంది. అక్కడ ఒక్కోవైపు ఇద్దరు ఉంటారు. రింగులో ఒకరే ఉండాలి, రెండోవాడు తాడు బయట మూలలో నిలబడాలి. లోపల ఉన్నవాడు వచ్చి చెయ్యి తగిలిస్తేనే బయటివాడు లోపలికి రావాలి. ఇంత చిన్న రూలు మీదే మొత్తం కథ నడుస్తుంది. లోపలివాడు దెబ్బలు తింటూ ఉంటాడు, మూల వైపు పాకుతూ ఉంటాడు, అడుగు దూరంలో కాలు పట్టుకుని వెనక్కి లాగేస్తారు. బయటివాడు చెయ్యి చాపుకుని అరుస్తూ ఉంటాడు. చివరికి ఆ రెండు చేతులు తగిలినప్పుడు స్టేడియం లేచి నిలబడుతుంది. ఇద్దరూ ఒకేలా ఉంటే ఇందులో రుచి తక్కువ. ఒకడు దెబ్బ తినడంలో దిట్ట, ఇంకొకడు దెబ్బ కొట్టడంలో దిట్ట అయితే కథ దానంతట అదే నడుస్తుంది.

అలాంటి జోడీ సామీ జేన్, కెవిన్ ఓవెన్స్. ఇద్దరిదీ కెనడాలోని క్యూబెక్, మాంట్రియల్ చుట్టుపక్కల ప్రాంతం. ఇద్దరూ 1984 లోనే పుట్టారు. పోలిక ఇక్కడితో సరి. ఓవెన్స్ ఫ్రెంచ్ మాట్లాడే ఇంట్లో పెరిగినవాడు, ఇంగ్లీషు రెజ్లింగ్ కార్యక్రమాలు చూసి నేర్చుకున్నానని చెప్తాడు. జేన్ సిరియా నుంచి వలస వచ్చిన కుటుంబంలో పుట్టినవాడు, ఇంట్లో అరబ్బీ. ఓవెన్స్ మనిషి భారీగా ఉంటాడు, కంపెనీ చెప్పే లెక్కలో సుమారు 120 కిలోలు. జేన్ సన్నగా, పొడుగ్గా, ఇంకో పాతిక కిలోలు తక్కువ. ఓవెన్స్ నోటికి అదుపు ఉండదు. జేన్ మొదట్లో నోరే విప్పేవాడు కాదు.

ఎందుకు విప్పలేదంటే, అప్పుడు అతని పేరు ఎల్ జెనెరికో. మెక్సికో రెజ్లర్ల లాగా మొహానికి ముసుగు. మెక్సికోతో అతనికి ఏ సంబంధమూ లేదు, అదే అందులో జోక్. ఓవెన్స్ అప్పట్లో సొంత పేరు కెవిన్ స్టీన్ తోనే ఆడేవాడు. మాంట్రియల్ లో చిన్న చిన్న హాళ్ళలో మొదలుపెట్టి, అమెరికాలో రింగ్ ఆఫ్ ఆనర్ అనే కంపెనీకి చేరారు. 2008 సెప్టెంబర్ లో అక్కడ ట్యాగ్ టీమ్ బెల్టులు గెలిచారు. ఎవరి మీద అనుకున్నారు? ఓడిపోయిన ఇద్దరిలో ఒకడి పేరు టైలర్ బ్లాక్. ఇప్పుడు మీకు సేథ్ రాలిన్స్ గా తెలిసినవాడు అతనే. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, మళ్ళీ హైదరాబాద్ లో వస్తాడు.

2009 డిసెంబర్ లో, న్యూయార్క్ లో, ఒక మ్యాచ్ ఓడిపోయిన తర్వాత స్టీన్ స్టీల్ కుర్చీ తీసి సొంత పార్ట్‌నర్‌నే కొట్టాడు. జనం నిర్ఘాంతపోయారు. సరిగ్గా ఏడాదికి, 2010 డిసెంబర్ లో ఇద్దరికీ ఆఖరి పందెం: జెనెరికో ఓడితే ముసుగు తీసేయాలి, స్టీన్ ఓడితే కంపెనీ వదిలి వెళ్ళాలి. జెనెరికో గెలిచాడు. స్టీన్ వెళ్ళాడు, మళ్ళీ వచ్చాడు. 2012 డిసెంబర్ లో నిచ్చెనల మ్యాచ్ లో ఈసారి స్టీన్ గెలిచాడు.

2013 లో జేన్ డబ్ల్యూడబ్ల్యూఈ కి వెళ్ళాడు. ముసుగు పోయింది, పేరు మారింది. జెనెరికో ఏమయ్యాడని అడిగితే మెక్సికోలో అనాథ పిల్లల్ని చూసుకుంటున్నాడని ఇప్పటికీ సరదాగా చెప్తారు. 2014 డిసెంబర్ 11 న జేన్ ఎన్ఎక్స్‌టి టైటిల్ గెలిచాడు. అదే రాత్రి ఆ వేదిక మీద మొదటి మ్యాచ్ ఆడిన ఓవెన్స్ వచ్చి కౌగిలించుకున్నాడు. తర్వాత ఎత్తి రింగు అంచు మీద పడేశాడు. రెండు నెలలకి బెల్టు కూడా లాక్కున్నాడు. 2017 అక్టోబర్ లో మళ్ళీ కలిశారు. 2021 రెజిల్‌మేనియాలో మళ్ళీ కొట్టుకున్నారు.

మీరు గమనించారా, ఇదంతా మన ఊళ్ళలో ఇద్దరు అన్నదమ్ముల వ్యవహారం లాగే ఉంది. పొలం గట్టు దగ్గర పోట్లాట, ఇంట్లో పెళ్ళి వస్తే మళ్ళీ ఒకే పందిట్లో భోజనం.

ఇక వాళ్ళ కథలో పెద్ద ఘట్టం. 2022 లో జేన్ రోమన్ రెయిన్స్ గుంపులో చేరాడు. దాని పేరు బ్లడ్‌లైన్, అంటే రక్తసంబంధీకుల గుంపు. అందులో జేన్ బయటివాడు. వాళ్ళ మెప్పు కోసం నవంబర్ లో ఓవెన్స్‌ని దొంగ దెబ్బ కొట్టాడు. 2023 జనవరి 28 న ఓవెన్స్‌ని సంకెళ్ళతో తాడుకి కట్టేసి చావబాది, రెయిన్స్ జేన్ చేతికి కుర్చీ ఇచ్చి కొట్టమన్నాడు. జేన్ ఆ కుర్చీతో రెయిన్స్‌నే కొట్టాడు. 2009 లో కుర్చీ ఎవరి చేతిలో ఉందో తెలిసినవాళ్ళకి ఆ ఒక్క క్షణం బరువు వేరు.

ఫిబ్రవరిలో సొంత ఊరు మాంట్రియల్ లోనే జేన్ రెయిన్స్ చేతిలో ఓడిపోయాడు. మార్చిలో ఇద్దరూ కలిశారు. 2023 ఏప్రిల్ 1 న, రెజిల్‌మేనియా మొదటి రాత్రి ఆఖరి మ్యాచ్ లో ఊసోస్ అన్నదమ్ముల్ని ఓడించి ట్యాగ్ బెల్టులు గెలిచారు. రెజిల్‌మేనియాలో ట్యాగ్ టీమ్ టైటిల్ మ్యాచ్ ఆఖరి మ్యాచ్ గా పెట్టడం అదే మొదటిసారి. ఇంకో విషయం చూడండి. ఊసోస్ కవల పిల్లలు. అచ్చం ఒకేలా ఉండే జోడీ. బండలాగుడుకి అయితే వాళ్ళే సరైన జత. వాళ్ళ స్మాక్‌డౌన్ బెల్టులు 622 రోజులు వాళ్ళ దగ్గరే ఉన్నాయి. అలాంటి జతని జత కుదరని ఇద్దరు దించేశారు.

ఇప్పుడు మన గడ్డ మీదకి వద్దాం. 2023 సెప్టెంబర్ 8, హైదరాబాద్ గచ్చిబౌలి, జి.ఎం.సి. బాలయోగి స్టేడియం. జాన్ సీనా వచ్చాడు కాబట్టి ఫోటోలన్నీ ఆయనవే. సీనా ఆ రాత్రి సేథ్ రాలిన్స్‌తో జట్టు కట్టాడు. ఇందాక చెప్పిన టైలర్ బ్లాక్ అతనే. అదీ వింత జోడీయే, కానీ ఒక్క రాత్రి జోడీ. అదే కార్డులో జేన్, ఓవెన్స్ కూడా ఉన్నారు. వాళ్ళకి అప్పటికి బెల్టులు లేవు. 154 రోజులు ఉంచుకుని, సరిగ్గా ఆరు రోజుల ముందే పోగొట్టుకున్నారు.

వాళ్ళ ఎదురుగా మన దేశం జోడీ ఇండస్ షేర్. వీర్ మహాన్ అంటే రింకూ సింగ్, ఉత్తరప్రదేశ్ కుర్రాడు, టీవీ పోటీలో గెలిచి అమెరికా వెళ్ళి బేస్‌బాల్ ఆడాడు. రెండోవాడు సాంగా అంటే సౌరవ్ గుర్జర్. 2013 లో వచ్చిన మహాభారతం సీరియల్ లో భీముడు ఆయనే. అంటే భీముడు ఒకవైపు, కెనడా వాళ్ళిద్దరూ ఇంకోవైపు. గెలిచింది కెనడా వాళ్ళే. తర్వాతి నెలలో కంపెనీ ఓవెన్స్‌ని ఇంకో షోకి మార్చేసింది, జోడీ విడిపోయింది.

ఇప్పుడు "ఉత్తుత్తి ఫైటింగ్" సంగతి. నిజమే, ఎవరు గెలవాలో ముందే నిర్ణయిస్తారు. నాటకంలో కీచకుడు చచ్చిపోతాడని మనకి ముందే తెలుసు, అయినా తెల్లవార్లూ కూర్చుని చూస్తాం కదా. కానీ ఒక తేడా ఉంది. నాటకంలో భీముడి గద అట్టముక్క. ఇక్కడ పడేది నిజం మనిషి, కింద ఉండేది చెక్క పలకలు, వాటిమీద పల్చటి పరుపు. ఒకడు ఇంకొకడిని తలకిందులుగా ఎత్తినప్పుడు, ఆ తలకిందులుగా ఉన్నవాడి మెడ ఎత్తినవాడి చేతుల్లో ఉంటుంది. ఒక్క అంగుళం తేడా వస్తే జీవితం మారిపోతుంది.

అందుకని నేను అనేది ఏంటంటే, వీళ్ళిద్దరి అసలైన జోడీ పని కలిసి ఆడిన మ్యాచుల్లో కంటే, కొట్టుకున్న మ్యాచుల్లోనే ఎక్కువ ఉంది. 2010 లో పందెం కట్టి ఆడినా, నిచ్చెనల మీద నుంచి పడినా, ఎదుటివాడు క్షేమంగా లేచి ఇంటికి వెళ్ళాలి అనే పని ఇద్దరూ చేస్తూనే ఉన్నారు. అంత పెద్ద పగ చూపించాలంటే అంత పెద్ద నమ్మకం కావాలి. కొత్తవాడి చేతికి మెడ అప్పగించి ఆ మ్యాచ్ లు ఆడలేరు.

2025 మార్చి 1 న టొరంటోలో మళ్ళీ ఎదురెదురుగా నిలబడ్డారు, ఓవెన్స్ గెలిచాడు. నెల తిరిగేసరికి ఏప్రిల్ లో ఓవెన్స్ రింగులోకి వచ్చి, తన మెడకి గాయం ఉందని, ఆపరేషన్ కావాలని, రెజిల్‌మేనియా ఆడలేనని చెప్పాడు. అది స్క్రిప్ట్ కాదు. ఆ గాయం ఫలానా మ్యాచ్ లో అయ్యిందని నేను అనడం లేదు. పాతికేళ్ళు పడుతూ లేస్తూ ఉన్న ఒళ్ళు, లెక్క ఎప్పుడో ఒకప్పుడు అడుగుతుంది.

కాబట్టి ఇది చూసే పిల్లలకి, వాళ్ళ అమ్మానాన్నలకి ఒక మాట. మైపాడు బీచ్ లో ఇసక మెత్తగానే ఉంటుంది కదా అని స్నేహితుడిని ఎత్తి పడేయకండి. అలల దగ్గర తడి ఇసక గచ్చు లాగా ఉంటుంది. పైగా టీవీలో మీరు చూసేది పడేయడం మాత్రమే. పడుతున్నవాడిని పట్టుకునే విద్య కెమెరాకి కనపడదు, అది ఏళ్ళ తరబడి నేర్చుకుంటే తప్ప రాదు.

చూడటం మాత్రం చూడండి. ఈసారి ట్యాగ్ మ్యాచ్ వస్తే రింగులో కొట్టేవాడిని కాసేపు వదిలేసి, మూలలో చెయ్యి చాపుకుని నిలబడ్డవాడిని చూడండి. కథ సగం అక్కడే ఉంటుంది. వచ్చే ఎపిసోడ్ లో మళ్ళీ కలుద్దాం. ఉంటానండి, నమస్కారం.