మోటర్ లెక్క: న్యూజిలాండ్ మార్కెట్ తెలంగాణకు చెప్పే పాఠం

(ఆక్లాండ్‌లో తెలంగాణ మిత్రుల కూడికలో 2013 అక్టోబర్‌లో చేసిన ప్రసంగ పాఠం)

 జై తెలంగాణ!

జూలై 30న కాంగ్రెస్ వర్కింగ్ కమిటీ తీర్మానం చేసింది. మొన్న అక్టోబర్ 3న కేంద్ర క్యాబినెట్ ఒప్పుకున్నది. అయినా పార్లమెంటులో బిల్లు పాసయ్యేదాక నమ్మలేం. 2009 డిసెంబర్ 9 ప్రకటన రెండు వారాలకే ఎట్ల వెనక్కి పోయిందో మనకందరికీ యాదికున్నది. కాబట్టి కొట్లాట ఆపేది లేదు. కానీ "వచ్చినంక ఏం చేసుకుందాం" అన్న ముచ్చట కూడా ఇప్పుడే మొదలుపెట్టాలె.

నీళ్లు, నిధులు, నియామకాల గురించి నాకన్న బాగా చెప్పేటోళ్లు మస్తుమంది ఉన్నరు. నేను చదివింది ఎలక్ట్రికల్ ఇంజనీరింగ్, బతుకుదెరువు సాఫ్ట్‌వేర్ కన్సల్టింగ్. నా క్లయింట్లలో మోటర్లు దిగుమతి చేసుకొని అమ్మే ఒక సంస్థ ఉన్నది. వాళ్ల స్టాకు, ఆర్డర్ల లెక్కలు చూసే పని మీద ఈ దేశంలో మోటర్ల వ్యాపారం ఎట్ల నడుస్తదో దగ్గరినుంచి చూస్తున్న. అందుకే ఇయ్యాల కరెంటు మోటర్ గురించి మాట్లాడుత.

తెలంగాణ ఉద్యమానికి, మోటర్‌కు ఏం సంబంధం అని మీరు అడగొచ్చు. డెల్టాలో కాలువ కింద రైతుకు నీళ్లు భూమి వాలు తెచ్చిస్తది. మన రైతుకు మోటర్ తెచ్చిస్తది. మన సాగులో ఎక్కువ భాగం బావులు, బోర్ల కిందనే. ఉమ్మడి రాష్ట్రంలో దాదాపు 30 లక్షల వ్యవసాయ కనెక్షన్లు ఉంటే సగానికి పైగా తెలంగాణలోనే ఉన్నయి. 2000 ఆగస్టు 28న బషీర్‌బాగ్‌లో కరెంటు చార్జీల మీద జరిగిన కొట్లాటలో ముగ్గురు ప్రాణాలు పోయినయి. మనకు కరెంటు అంటే బల్బు కాదు, బోరు మోటర్.

ఇప్పుడు ఈ దేశం సంగతి చూద్దాం. న్యూజిలాండ్ జనాభా 45 లక్షల లోపు. మోటర్ల మార్కెట్ చిన్నది. పాలు పిండే యంత్రాల వాక్యూమ్ పంపులు, పాలు చల్లబెట్టే మిషన్లు, పాలపొడి ఫ్యాక్టరీలు, కలప మిల్లులు, కాంటర్‌బరీ మైదానాల్లో తిరిగే నీటిపారుదల పంపులు, ఇవే పెద్ద గిరాకీలు. పాడి పెరుగుతున్నకొద్దీ మోటర్ల గిరాకీ పెరుగుతున్నది. కానీ ఇక్కడ తిరిగే మామూలు త్రీ ఫేజ్ మోటర్లలో దాదాపు అన్నీ బయటినుంచి వచ్చినయే. 2008 అక్టోబర్ 1 నుంచి చైనాతో స్వేచ్ఛా వాణిజ్య ఒప్పందం అమల్లో ఉన్నది. సుంకాలు అంచెలంచెలుగా పోతున్నయి. రేపు రేపు మామూలు మోటర్ ఇంకా చవకైతది తప్ప ఇక్కడ ఫ్యాక్టరీ పెట్టి దాన్ని చేసేటోళ్లు ఉండరు.

మరి తయారీ లేని దేశం మోటర్ల వ్యాపారంలో ఏం సంపాదించుకున్నది? నాకు రెండు విషయాలు కనబడుతున్నయి. ఒకటి గీత గీయడం, రెండోది బుర్ర నిలుపుకోవడం.

గీత అంటే ప్రమాణం. ప్రపంచంలో వాడే మొత్తం కరెంటులో 40 శాతానికి పైగా మోటర్ల ద్వారానే ఖర్చయితది. అందుకని ఇక్కడి ప్రభుత్వం 2002లో నిబంధనలు తెచ్చింది. 0.73 కిలోవాట్ల నుంచి 185 కిలోవాట్ల లోపు త్రీ ఫేజ్ మోటర్ అమ్మాలంటే ఇంత సామర్థ్యం ఉండి తీరాలె అన్నది. 2006లో ఆ గీతను ఇంకా పైకి జరిపింది. తయారు చేసేది చైనావాడైనా, జర్మనీవాడైనా, గీత మాత్రం వీళ్లదే.

దాని విలువ ఎంతో ఒక లెక్క వేద్దాం. 11 కిలోవాట్ల మోటర్ ఒకటి ఏడాదికి 6,000 గంటలు నడుస్తదనుకుందాం. దాని సామర్థ్యం 88 శాతం కాకుండ 91 శాతం ఉంటే ఏడాదికి దాదాపు 2,470 యూనిట్లు మిగులుతయి. యూనిట్‌కు 15 సెంట్లు వేసుకున్నా 370 డాలర్లు. మోటర్ పదేళ్లు, పదిహేనేళ్లు నడుస్తది. కొన్న ధర కన్న తాగే కరెంటు ఖర్చు ఎన్నో రెట్లు. ఇక్కడి పాడి రైతు కరెంటు బిల్లు తనే కడతడు కాబట్టి ఈ లెక్క తనే వేసుకుంటడు.

రెండోది బుర్ర. దీనికి ఆక్లాండ్‌లోనే పుట్టిన ఫిషర్ అండ్ పేకెల్ కథ చూడాలె. 1934లో అది విదేశీ ఫ్రిజ్‌లు, వాషింగ్ మెషీన్లు తెప్పించి అమ్మే కంపెనీ. 1938లో ప్రభుత్వం దిగుమతుల మీద లైసెన్సులు పెట్టేసరికి సొంతంగా చేయక తప్పలేదు. 1991లో స్మార్ట్‌డ్రైవ్ అనే వాషింగ్ మెషీన్ తెచ్చిండ్రు. బెల్టు లేదు, గేరుబాక్సు లేదు. డ్రమ్ము కిందనే మోటర్, దాన్ని నడిపేది ఎలక్ట్రానిక్స్. ఆ మోటర్ ఎంత గట్టిదంటే, పాత మెషీన్లలోంచి దాన్ని ఊడదీసి కొండ వాగుల మీద చిన్న జలవిద్యుత్ టర్బైన్లు చేసుకున్నోళ్లు ఈ దేశంలో ఉన్నరు.

తర్వాత కాలం మారింది. వాషింగ్ మెషీన్ల తయారీ థాయిలాండ్‌కు పోయింది. ఇక్కడ ఉద్యోగాలు పోయినయి, ఆ బాధ చిన్నది కాదు. 2009లో చైనా కంపెనీ హాయర్ 20 శాతం వాటా కొన్నది, పోయినేడు మొత్తం కంపెనీనే కొన్నది. కానీ డిజైన్ చేసే ఇంజనీర్లు ఇప్పటికీ ఆక్లాండ్‌లో, డునెడిన్‌లో ఉన్నరు. హాయర్‌కు కావలసింది కూడా ఆ బుర్రనే. ఇట్లాంటిదే ఇంకోటి ఉన్నది, వెల్లింగ్టన్ డ్రైవ్ టెక్నాలజీస్. పేరు వెల్లింగ్టన్, ఉండేది ఆక్లాండ్‌లో. కూల్‌డ్రింక్ ఫ్రిజ్‌లలో తిరిగే చిన్న ఫ్యాన్ మోటర్లు డిజైన్ చేస్తది. పాత రకం తాగే కరెంటులో సగం కన్న తక్కువతోనే అవి నడుస్తయి. తయారీ ఆసియాలో, అమ్మకం ప్రపంచమంతా, డిజైన్ ఇక్కడ.

ఇప్పుడు మన ఆల్విన్‌ను యాది చేసుకోండి. హైదరాబాద్ ఆల్విన్ 1942లో నిజాం సర్కారు పెట్టుబడితోని పుట్టింది. ఫ్రిజ్‌లు చేసింది, బస్సు బాడీలు చేసింది, గడియారాలు చేసింది. ఫిషర్ అండ్ పేకెల్ కన్న ఎనిమిదేండ్లే చిన్నది. 1990లలో ఫ్రిజ్‌ల విభాగం వోల్టాస్‌కు పోయింది, మిగిలింది కరిగిపోయింది. ఈ దేశం ఫ్యాక్టరీ పోగొట్టుకున్నది కానీ డిజైన్ నిలుపుకున్నది. మనం రెండూ పోగొట్టుకున్నం. సనత్‌నగర్‌లో చేతులు తిరిగిన పనివాళ్ల తరం ఒకటి ఉండె. ఆ పనితనం ఎటు పోయిందని సచివాలయంలో ఎవ్వరూ లెక్క అడగలేదు. సొంత రాష్ట్రం ఎందుకంటే, ఆ లెక్క అడిగే సర్కారు కోసం.

కొందరంటరు, మనది ఎండిన నేల, ఇక్కడ పరిశ్రమ ఎట్ల వస్తదని. వాళ్లకు కోయంబత్తూరును చూపించాలె. అది కూడా వానలు తక్కువ పడే సీమ, బావుల సేద్యం. 1930లలో నీలగిరుల నుంచి పైకారా కరెంటు వచ్చింది. బావులకు మోటర్లు కావలసొచ్చినయి. 1937లో జి.డి. నాయుడు, డి. బాలసుందరం నాయుడు కలిసి దేశంలో తొలి మోటర్ తయారు చేసిండ్రని చెప్తరు. జి.డి. నాయుడుది తెలుగు మాట్లాడే కుటుంబం. ఆ తర్వాత ఊరంతా పంపుల పరిశ్రమ అయింది. చిన్న చిన్న తయారీదార్లు కలిసి సిటార్క్ అని సొంత పరీక్షా కేంద్రం కూడా పెట్టుకున్నరు. మనకు కూడా అదే అవసరం ఉన్నది, అంతకన్న పెద్ద అవసరం ఉన్నది. వాళ్ల అవసరం పరిశ్రమ అయింది, మన అవసరం వాళ్లకు మార్కెట్ అయింది. ఇది తమిళుల తప్పు కాదు. మనకు ఆ పని చేసి పెట్టే సర్కారు లేకపోవడం.

మన ఊళ్లల్లో మోటర్ ఎట్ల కాలుతదో మీకు నేను చెప్పాల్నా? లో ఓల్టేజి వస్తే మోటర్ అదే పని చేయడానికి ఎక్కువ కరెంటు గుంజుతది, వైండింగ్ వేడెక్కుతది. ఒక ఫేజు పోతే మిగిలిన రెండింటి మీద భారం పడుతది. ఏడు గంటల కరెంటు రాత్రి ఎప్పుడొస్తదో తెల్వదు. అందుకని అందరూ ఆటో స్టార్టర్ పెట్టుకుంటరు. కరెంటు రాంగనే ట్రాన్స్‌ఫార్మర్ కింద ఉన్న మోటర్లన్నీ ఒక్కసారి లేస్తయి. ట్రాన్స్‌ఫార్మర్ కాలుతది. ఫ్యూజు వేయబోయి షాకు కొట్టి, రాత్రి పొలం గట్టు మీద పాము కరిచి ఎంతమంది పోయిండ్రో ఏ ఊర్లో అడిగినా చెప్తరు.

దాని ఖర్చు లెక్క వేద్దాం. వైండింగ్, మెకానిక్ కూలి, మోటర్‌ను పట్నం తీసుకపోయి తెచ్చే కిరాయి కలిపి ఒక్కసారికి 5 వేలు అనుకుందాం. 15 లక్షల మోటర్లలో మూడింట ఒకటి ఏడాదికి ఒక్కసారి కాలినా 250 కోట్లు. అది ఉచిత కరెంటు లెక్కలో ఎక్కడా కనబడదు. కరెంటు ఉచితమే, కాలిన మోటర్ ఉచితం కాదు. ఎండిన పైరు అసలే కాదు.

ఉచిత కరెంటు వల్లనే రైతు మంచి మోటర్ కొంటలేడు అని ఇంగ్లిష్ పేపర్లలో రాస్తుంటరు. అందులో సగం నిజం ఉన్నది. బిల్లు రానప్పుడు ఎక్కువ ధర పెట్టి మంచి మోటర్ కొనడానికి రైతుకు కారణం లేదు. కానీ దానికి మందు ఉచిత కరెంటు తీసేయడం కాదు. మిగిలే కరెంటు లాభం ఎవరిదో, మంచి మోటర్‌కు అయ్యే అదనపు ఖర్చు వాళ్లే పెట్టుకోవాలె. ఇక్కడ లాభం రైతుది కాబట్టి రైతు పెడుతున్నడు. అక్కడ లాభం విద్యుత్ పంపిణీ సంస్థది, సర్కారుది. కాబట్టి వాళ్లు పెట్టాలె. ఒక్కో మోటర్ దగ్గర ఒక కిలోవాట్ తగ్గిందనుకుందాం. రోజుకు 7 గంటలు, ఏడాదికి 200 రోజులు వేస్తే 1,400 యూనిట్లు. 15 లక్షల మోటర్లకు 210 కోట్ల యూనిట్లు. భూపాలపల్లి 500 మెగావాట్ల యూనిట్ ఏడాదంతా 80 శాతం సామర్థ్యంతో నడిస్తే వచ్చేది దాదాపు 350 కోట్ల యూనిట్లు. అంటే ఒక్క బొగ్గు పెళ్ల కాల్చకుండ దాంట్లో సగానికి పైగా వచ్చినట్టు.

ఉచిత కరెంటుకు ఐఎస్ఐ మోటర్, కెపాసిటర్, మంచి ఫుట్‌వాల్వ్, మంచి పైపు ఉండాలని ఉమ్మడి సర్కారు కూడా షరతులు పెట్టింది. కాగితం మీద పెట్టి, భారం రైతు మీదికి నెట్టింది. అందుకే అవి ఊళ్లదాక రాలేదు.

రేపటి తెలంగాణ సర్కారును నేను మూడు అడుగుత.

ఒకటి, మన గీత మనం గీసుకుందాం. లక్షల మోటర్లు కొనే గిరాకీ చేతిలో ఉన్నప్పుడు సామర్థ్యం ఎంత ఉండాలో, లో ఓల్టేజికి ఎంత తట్టుకోవాలో మనమే రాయొచ్చు. రామచంద్రాపురంలో బీహెచ్ఈఎల్ ఉన్నది, బాలానగర్‌లో, నాచారంలో చిన్న పరిశ్రమలు ఉన్నయి. పరీక్షా కేంద్రం పెట్టి, గీత దాటినోళ్ల దగ్గరే కొంటమంటే తయారీ దానంతట అదే దగ్గరికి వస్తది. కల్వకుర్తి ఎత్తిపోతలలో ఒక్కో మోటర్ 30 మెగావాట్లు. చిన్నదీ పెద్దదీ కలిపితే మనంత మోటర్ల మీద బతికే రాష్ట్రం ఇంకోటి ఉంటదా?

రెండు, వైండింగ్ షాపు. ఇక్కడ చిన్న మోటర్ కాలితే పడేసి కొత్తది పెడతరు, కూలి అంత ఖరీదు కాబట్టి. మన దగ్గర మండలానికి ఎన్ని వైండింగ్ షాపులు ఉన్నయో లెక్క లేదు. అది బరువు కాదు, బలం. కానీ తక్కువ గేజు తీగ చుట్టి, వార్నిష్ సరిగ ఆరబెట్టకుంటే మోటర్ మళ్లీ తొందరగ కాలుతది, కరెంటు కూడా ఎక్కువ తాగుతది. ఐటీఐలో వాళ్లకు శిక్షణ, పరీక్ష చేసే మీటర్లు, మంచి తీగ ఇప్పిస్తే అదే మన పరిశ్రమకు పునాది.

మూడు, మనలాంటి సాఫ్ట్‌వేర్ వాళ్ల పని. సర్వర్ పడిపోయి మళ్లీ లేచినప్పుడు వేలమంది ఒక్కసారి మీదపడితే అది మళ్లీ పడిపోతది. అందుకే ఒక్కొక్కరిని కొన్ని సెకన్లు ఆగి రమ్మని ప్రోగ్రాంలో రాస్తం. ఆటో స్టార్టర్‌కు కూడా అదే తెలివి కావాలె. కరెంటు వచ్చినంక ఒక్కో మోటర్ ఒక్కో తీరుగ ఒకటి రెండు నిమిషాలు ఆగి లేస్తే, ఫేజు పోయినప్పుడు తనంతట తనే ఆగిపోతే, ట్రాన్స్‌ఫార్మర్ బతుకుతది, వైండింగ్ బతుకుతది. స్మార్ట్‌డ్రైవ్‌ను గెలిపించింది కూడా రాగి తీగ ఒక్కటే కాదు, దాన్ని నడిపించిన ఎలక్ట్రానిక్స్. రాబోయే కాలంలో మోటర్ల వ్యాపారంలో లాభం ఇటువైపే జరుగుతది. హైదరాబాద్‌లో ప్రోగ్రాం రాసేటోళ్లకు కరువా?

ఒక హెచ్చరిక కూడా చెప్పాలె. మంచి మోటర్ అంటే ఎక్కువ నీళ్లు గుంజే మోటర్ కాదు. అవే నీళ్లు తక్కువ కరెంటుతోని ఇచ్చేది. చెరువులు నింపకుండ మోటర్లు మార్చితే బోర్లు ఇంకా తొందరగ ఎండుతయి. చెరువు ముందు, మోటర్ తర్వాత.

ఇండియా, న్యూజిలాండ్ మధ్య స్వేచ్ఛా వాణిజ్య చర్చలు 2010 నుంచి నడుస్తున్నయి. రెండు దేశాల కరెంటు 50 సైకిల్సే. మన దగ్గర పరీక్ష పాసైన మోటర్, స్టార్టర్ ఒకనాడు ఈ ఆక్లాండ్ రేవులో దిగొచ్చు. అది దూరపు మాట. దగ్గరి మాట ఏందంటే, ఈ డిసెంబర్ సెలవుల్లో మీలో చాలామంది ఊరికి పోతున్నరు. మీ మండల కేంద్రంలో వైండింగ్ షాపు దగ్గర ఒక గంట కూర్చోండి. ఏ కంపెనీ మోటర్ ఎక్కువ వస్తున్నది, ఏ నెలలో వస్తున్నది, ఎట్ల కాలి వస్తున్నది, రైతుకు ఎంతయితున్నది అని రాసుకొని రండి. పది మండలాల లెక్క దొరికినా కొత్త సర్కారు ముందు పెట్టొచ్చు. ఇన్నేండ్లు మన లెక్కలు వేరేటోళ్లు రాసిండ్రు. ఇగ మన లెక్క మనం రాసుకుందాం.

జై తెలంగాణ!