డి.ఎన్.ఏ. తూకము – ప్రతుల లెక్క
(ప్లాటినం జూబిలీ విజ్ఞాన సభలో చేసిన ప్రసంగ పాఠము)



రాగుల మూటలో గింజలెన్నో ఏ రైతూ ఎంచి చూడడు. ఎంచవలసివస్తే, పిడికెడు గింజలను లెక్కించి తూచి, ఒక్క గింజ బరువు కట్టి, మూట బరువును దానితో భాగిస్తే చాలును. కంటికి కానరాని డి.ఎన్.ఏ. ప్రతులను శాస్త్రజ్ఞులు లెక్కించే పద్ధతియు ఇదే.

డి.ఎన్.ఏ. మెలితిరిగిన నిచ్చెన వంటిది. ఒక్కొక్క మెట్టు ఒక క్షార జంట. జంట అణుభారము సగటున 650. క్షయ క్రిమి డి.ఎన్.ఏ.లో సుమారు 44 లక్షల 11 వేల జంటలున్నవి. రెంటినీ గుణించగా దాదాపు 287 కోట్లు వచ్చును. అనగా అవొగాడ్రో సంఖ్యయైన 6.022 × 10²³ ప్రతులు కూడితే 287 కోట్ల గ్రాములు తూగును. గ్రాములో నూరు కోట్లవ వంతైన ఒక నానోగ్రాములో అట్టి ప్రతులు సుమారు 2 లక్షల 10 వేలుండును. 310 కోట్ల జంటలు గల మానవ డి.ఎన్.ఏ. ప్రతులైతే అదే నానోగ్రాములో 300 మాత్రమే.

ఈ లెక్క కాగితము మీది వినోదము కాదు. క్షయ పరీక్ష కనీసమెన్ని ప్రతులను పట్టగలదో తేల్చుటకు, సంఖ్య తెలిసిన ద్రావణమును పలుచన చేసుకొంటూ పోయి చూస్తారు. అక్కడ ఒక్క సున్న జారినదా, పది ప్రతులను పట్టుననుకొన్న పరీక్షకు నిజానికి నూరు కావలెను. దగ్గుతో వచ్చిన మనిషి, రోగము లేదన్న చీటీతో, మందు లేకుండా ఇల్లు చేరును. సూత్రము కంఠస్థము చేసి సున్నాలను నిర్లక్ష్యము చేసే పిల్లలకు ఈ మాట గట్టిగానే చెప్పవలసియున్నది.

ఇంతకూ మొదటి బరువు తెలియుట ఎట్లు? సుబ్రహ్మణ్య శివ ఈ పాపారపట్టిలో కన్నుమూసిన 1925లోనే, భీమవరమున పుట్టి మద్రాసు వైద్య కళాశాలలో చదివిన యల్లాప్రగడ సుబ్బారావు, హార్వర్డులో సైరస్ ఫిస్కేతో కలిసి భాస్వరమును నీలివర్ణపు గాఢతను బట్టి కొలిచే పద్ధతిని ప్రకటించినారు. ప్రతి క్షార జంటకు రెండు భాస్వర పరమాణువులుండును గనుక, భాస్వరము తెలిసిన డి.ఎన్.ఏ. బరువు తెలిసినట్లే. నేడు 260 నానోమీటర్ల అతినీలలోహిత కాంతిని పంపి చూస్తున్నారు. శోషణము 1 అయిన, మిల్లీలీటరుకు 50 మైక్రోగ్రాములు. అయితే ఆర్.ఎన్.ఏ. కలిసియుంటే అదియు కాంతిని పీల్చును. రాళ్ళు కలిసిన మూటను తూచినట్లే.

పై తరగతుల పిల్లలకు ఒక లెక్క: లాంబ్డా వైరస్ డి.ఎన్.ఏ.లో 48,502 జంటలు. ఒక నానోగ్రాములో ప్రతులెన్ని? సుమారు 1 కోటి 91 లక్షలు రావలెను.